బొంతలాయన నడక

మా పక్కింటి అంకుల్ పోయారు. పోయిన వారం ఒకరోజు పొద్దున్నే, ఆయనకు స్నానం చేయించడానికి వచ్చే కేరర్ మా తలుపు కొట్టింది. చేతులకు గ్లవ్స్ అలాగే ఉన్నాయి. "నిద్రలోనే పోయినట్టున్నారు. ఎవరికి చెప్పాలో తెలియక మీ దగ్గరికొచ్చాను," అంది. చెప్పులు కూడా వేసుకోకుండా వెళ్లాను. మంచం మీద గోడవైపు తిరిగి పడుకుని ఉన్నారు. ఆయన ఎప్పుడూ అలాగే, మనుషులకు వీపు చూపించి పడుకుంటారని ఆమె చెప్పింది. పదేళ్లకు పైగా ఆ గోడకు ఇవతలే ఉన్నాను, నాకా సంగతి తెలియదు.

క్రెమటోరియంలో పట్టుమని పదిమందిమి కూడా లేము. ఆయనకు పిల్లలు లేరు, భార్య మేమిక్కడికి రాకముందే పోయారు. అందుకని నాలుగు మాటలు చెప్పమని నన్నే అడిగారు. మంచు పడ్డ రోజుల్లో ఆయన తన వాకిలితో పాటు మా వాకిలీ ఊడ్చేవారని చెప్పాను. ఆయన మిరపకాయల పచ్చడి గురించి చెప్పాను. అంతా నిజమే. కానీ ఆయన చెప్పమన్నది అది కాదు. కిందటి నెల ఆసుపత్రి నుంచి ఇంటికి తీసుకొస్తుంటే కారులో అన్నారు: "నేను పోయాక నా గురించి ఎవరికైనా చెబితే నన్ను మంచివాణ్ని చెయ్యకు. ముందు ఆ బొంతలాయన సంగతి చెప్పు." శవపేటిక పక్కన నిలబడి నేను ఆ సంగతి దాటేశాను. ఆ సిగ్గుతోనే ఇంటికి వచ్చాను, ఆ సిగ్గుతోనే ఇది మీకు రాస్తున్నాను.

మాది కడప. కోవెంట్రీలో ఈ ఇల్లు కొన్న మొదటి సెప్టెంబరులో, ఒక శనివారం, కంచె అవతలి నుంచి దట్టంగా పొగ వచ్చింది. "ఏందే ఆ పొగ? ఫైర్ బ్రిగేడ్‌కు ఫోన్ చేయాల్నా?" అని మా ఆయన గాభరాపడ్డారు. తొంగి చూస్తే, ఒక పెద్దాయన తిరగేసిన బకెట్ మీద కూర్చుని, ఇనప రేకు మీద పొడవాటి ఎర్ర మిరపకాయలు కాలుస్తున్నారు. పొగలో కూర్చున్న మనిషి టై కట్టుకుని ఉన్నారు! సాయం కావాలా అని అడిగాను. "చాకు ఉంటే తెచ్చుకో," అన్నారు. ఆ సాయంత్రమంతా ఆయన కాల్చడం, నేను పొట్టు తీయడం. మా ఊళ్లో రోటి పచ్చడికి వంకాయ కాల్చినప్పుడు వచ్చే వాసనే. ఏ దేశమని అడిగితే, "మాసిడోనియా. నేను అక్కడ ఉన్నప్పుడు దాన్ని యుగోస్లావియాలో కలిపి ఉంచారు," అన్నారు.

మరుసటి వారం మా కడప ఊరిమిండి, అదే రోటి పచ్చడి, చేసి పట్టుకెళ్లాను. కారానికి కళ్లూ ముక్కూ ఏకధారగా కారుతున్నా గిన్నె ఖాళీ చేశారు. బాగుందా అంకుల్ అని అడిగితే, "బాగుందని చెప్పను. ఇంకాస్త పెట్టు," అన్నారు. అది ఆయన మాట. ఎవరైనా తనను మెచ్చుకున్నా అంతే. "బాగుందని చెప్పకు. ఇంకాస్త పెట్టుకో." మెచ్చుకోలు అంటే ఆయనకు ఎంత భయమో నాకు అప్పుడు అర్థం కాలేదు. వినయం అనుకున్నాను.

కార్ల ఫ్యాక్టరీలో పెయింట్ షాపులో పనిచేసి రిటైరయ్యారు. చెత్త డబ్బా వీధిలో పెట్టడానికి కూడా తల దువ్వుకునే వచ్చేవారు. టీవీలో ఫుట్‌బాల్ తప్ప చూసేవారు కాదు, అదీ సౌండ్ తీసేసి. మా అమ్మాయి పుట్టినరోజులకు తప్పకుండా వచ్చేవారు కానీ ఒక్క ఫొటోలోనూ లేరు. ఫోన్ బయటికి తీయగానే, "ఇటివ్వు, నేను తీస్తాను," అని లాక్కునేవారు.

కొన్నేళ్ల కిందట ఒక చలికాలం మధ్యాహ్నం ఒకావిడ మా బెల్ కొట్టింది. ఇక్కడి యూనివర్సిటీలో సినిమా గురించి పాఠాలు చెప్పే లెక్చరర్. ఆవిడదీ మాసిడోనియానే. అంకుల్ ఎంతకీ తలుపు తీయడం లేదని మా దగ్గరికొచ్చింది. "మీ పక్కింట్లో ఎవరున్నారో మీకు తెలుసా?" అని ఫోన్‌లో ఒక నలుపు తెలుపు బొమ్మ చూపించింది. పల్చటి కుర్రాడు, నెత్తిన టోపీ, ఓరగా చూసే చూపు. వాళ్ల భాషలో సినిమాలు తీయడం అప్పుడప్పుడే మొదలైన రోజుల్లో ఆయన మూడు సినిమాల్లో నటించారట. మూడోదానితో దేశమంతా పేరొచ్చిందట. ఆ వెంటనే కనపడకుండా పోయారట. పాడైపోయిన ఆ మూడో సినిమా రీళ్లను ఆమధ్యే బాగుచేశారట, ఆయన్ని ముందు కూర్చోబెట్టుకుని ఇక్కడ ప్రదర్శించాలని ఆవిడ ఆశ.

మా ఇంట్లో ఆ సాయంత్రం పండగే. "నాకు ముందే డౌటు! ఆ మీసకట్టు చూస్తే తెల్లేదా నీకు?" అన్నారు మా ఆయన. మా అమ్మాయి "ఓ మై డేస్, అమ్మా, హీ వాజ్ ఫేమస్!" అని గెంతింది. నేను మా తెలుగు వాట్సాప్ గ్రూపులో పెట్టేశాను. తర్వాత, ఆయన్ని ఒప్పించే పని నెత్తిన వేసుకుని పక్కింటికి వెళ్లాను.

అంకుల్ కాఫీ కాస్తున్నారు. నేను చెప్పింది విని, వెనక్కి తిరక్కుండానే అన్నారు: "మొదటిదాంట్లో పెళ్లిలో డోలు పట్టుకుని నిలబడ్డాను. రెండోదాంట్లో మొదట్లోనే చచ్చిపోయాను. ఆ రెండూ వేసుకోమను."

"మూడోదే గొప్పగా ఉంటుందంట కదా అంకుల్?"

"గొప్పగానే ఉంటుంది," అన్నారు. అది గర్వంగా అనలేదు. నా కప్పులో కాఫీ పోయడం మరిచిపోయి, ఖాళీ కప్పు నా చేతిలో పెట్టారు.

నెల తర్వాత, అడక్కుండానే ఆయనే కంచె దగ్గరికొచ్చి చెప్పారు. "ఆ టీచరుకు చెప్పు, వస్తానని. కానీ చివర నేను మాట్లాడాలి." ఇన్నాళ్లకు ఆయనలోని నటుడు మేలుకున్నాడని నేను మురిసిపోయాను.

యూనివర్సిటీ హాలు నిండింది. సగం మంది నేను పిలిచిన మనవాళ్లే. సినిమా కథ యుద్ధకాలం నాటిది. కొండల మధ్య ఒక చిన్న ఊరు. పరాయి సైన్యం ఊరిని ఆక్రమించుకుంది, ఊరి కుర్రాళ్లు కొండల్లో చేరి పోరాడుతున్నారు. వాళ్లను సైన్యానికి పట్టిచ్చే ఇన్‌ఫార్మర్ వేషం అంకుల్‌ది. కుడి కాలు ఈడుస్తూ, ఎడమ చెయ్యి వీపు వెనక పెట్టుకుని, నడుం వంచి, నేల చూపులు చూస్తూ నడుస్తాడు. వీధి మలుపు వచ్చినప్పుడల్లా చిన్నగా దగ్గుతాడు. అతను దగ్గాడంటే వెనక సైనికులు వస్తున్నారని అర్థం. సగం సినిమా అయ్యేసరికి ఆ దగ్గు వినపడితే చాలు, హాలంతా బిగుసుకుపోయేది. మాట అర్థం కానివాళ్లకు కూడా ఆ నడక చూస్తే ఒళ్లు జలదరించింది. చివర అతన్ని పట్టుకున్నప్పుడు మనవాళ్లలో ఎవరో ఈల కూడా వేశారు. లైట్లు వెలగ్గానే అందరం లేచి చప్పట్లు కొట్టాం. అందరికంటే గట్టిగా కొట్టింది నేనే అనుకుంటాను.

అంకుల్ మెల్లగా ముందుకు వెళ్లి, బల్ల అంచు పట్టుకుని నిలబడ్డారు. చప్పట్లు ఆగేదాకా ఆగారు.

"ఆ నడక నాది కాదు," అన్నారు. "మా ఊళ్లో బొంతలు కుట్టే ఆయనది. ఏదో పాత యుద్ధంలో ఆయన పాదం మంచుకు చచ్చుపడింది. నీ దగ్గర ఈ వేషానికి పనికొచ్చేది ఏమీ లేదు, ఎక్కడైనా వెతుక్కో అన్నాడు మా డైరెక్టరు. నేను సెలవు పెట్టి మా ఊరు వెళ్లి, ఆయన వెనక వెనకే తిరిగి ఆ నడక నేర్చుకున్నాను. దగ్గు కూడా ఆయనదే."

హాల్లో ఒకరిద్దరు నవ్వారు. సరదా కథ అనుకున్నారు.

"నిజం యుద్ధంలో మా ఊరి కుర్రాళ్లను కొందరిని కాల్చేశారు. ఎవరు పట్టిచ్చారో ఎవరికీ తెలియదు. యుద్ధం అయిపోయినా ఊరంతా ఆ పేరు కోసం వెతుక్కుంటూనే ఉంది. నేను వాళ్లకు ఒక నడక చూపించాను."

నవ్వులు ఆగిపోయాయి.

"సినిమా మా ఊరికి వచ్చిన రోజు జనం ఆ నడకను వెంటనే గుర్తుపట్టారు. మర్నాడు కాఫీ హోటల్లో నా చుట్టూ మూగారు. ఆ కాల్పుల్లో తమ్ముణ్ని పోగొట్టుకున్న ఒకాయన అడిగాడు. 'వాడేనా? నీకేమైనా తెలిసే అలా చేశావా?' అన్నాడు. నాకేం తెలుసు? ఏమీ తెలియదు. ఆయన మా అమ్మ పెళ్లికి బొంత కుట్టాడు, అంతే నాకు తెలిసింది. కాదు అని ఒక్క మాట అంటే సరిపోయేది. కానీ ఊరంతా నన్నే చూస్తోంది. అట్లా నన్ను ఎవరూ ఎప్పుడూ చూడలేదు. నేను నవ్వాను. అవునని అనలేదు. కాదనీ అనలేదు. ఏదో తెలిసినవాడిలా నవ్వాను."

ఆయన బల్ల అంచును రెండో చేత్తో కూడా పట్టుకున్నారు.

"ఆయన వీధిలోకి వస్తే పిల్లలు దగ్గేవాళ్లు. పెద్దలు వాళ్లను కోప్పడలేదు. బొంతలు కుట్టమని అడిగేవాళ్లు లేకపోయారు. ఆయన బయటికి రావడం మానేశాడు. ఒక చలికాలం పోయాడు. భార్యా, చిన్న కూతురూ ఊరు వదిలి వెళ్లిపోయారు. నేను అప్పుడు మా రాజధాని స్కోప్యేలో నాలుగో సినిమాకు మేకప్ వేయించుకుంటున్నాను, మా అమ్మ కబురు చేసింది. సెట్టులో నన్ను తలుపు దగ్గర్నుంచి బల్ల దాకా నడవమన్నారు. కాలు ఈడుస్తోంది. ఎన్నిసార్లు నడిచినా ఆ నడకే. కెమెరా ముందు నుంచి బయటికి వచ్చేశాను, మళ్లీ వెళ్లలేదు. అంతే. ఆయన ఏ తప్పూ చేయలేదు. ఇది చెప్పడానికే వచ్చాను. టీ చల్లారిపోతోంది, తాగండి."

ఎవరూ లేవలేదు. చప్పట్లు కొట్టిన చేతుల్ని ఎక్కడ పెట్టుకోవాలో నాకు తెలియలేదు. కోటు జేబుల్లో దూర్చుకున్నాను.

బయట కార్ పార్కులో, నాకు బాగా తెలిసిన ఒక ఆంటీ నా మోచెయ్యి పట్టుకుని, "ఎప్పటిదో ఆ సంగతి ఇప్పుడెవరడిగినారమ్మా? ఉత్త పుణ్యానికి పరువు తీసుకున్నాడు," అంది. ఆవిడ జాలిపడే అంది. కానీ ఆ మాటతో నాకు అంకుల్ నవ్వు కంటే మన ఊళ్లను, మన నోళ్లను తలుచుకునే ఎక్కువ సిగ్గేసింది. మనమైతే ఏం చేసేవాళ్లం? ఆ కాఫీ హోటల్లో మనమూ ఉంటే, నవ్విన నటుడి చుట్టూ మూగేవాళ్లమా, బొంతలాయన ఇంటికి వెళ్లి తలుపు కొట్టేవాళ్లమా? జవాబు నాకు తెలుసు. మీకూ తెలుసు.

అంకుల్‌ను కారులో ఇంటికి తీసుకొచ్చాం. ఆయన్ని గుమ్మం దాకా దిగబెడుతూ, ఏదో ఒకటి అనాలని, "అప్పుడు మీరు చిన్నవాళ్లు కదా అంకుల్," అన్నాను.

ఆయన నా మీద కోప్పడింది ఆ ఒక్కసారే. "ఆ మాట నాకు నేను జీవితమంతా చెప్పుకున్నాను. నువ్వు కూడా చెప్పకు," అని తలుపు వేసేసుకున్నారు.

ఆ తర్వాత చాలా రోజులు కర్టెన్లు తీయలేదు. ఆ సెప్టెంబరులో మిరపకాయల వాసన రాలేదు. నేను అన్నం, పప్పు డబ్బాలో పెట్టి గుమ్మం దగ్గర పెడితే, కడిగిన డబ్బా మా గుమ్మం దగ్గరికి తిరిగొచ్చేది. మనిషి మాత్రం కనపడేవారు కాదు. మా ఆయన ఒకరోజు ఓపిక పట్టలేక కంచె మీది నుంచి అరిచారు. "అంకుల్, మీరు బయటికి రాకపోతే నేనే లోపలికి వస్తా!" ఇంగ్లీషులోనే అరిచారు గానీ యాస మాత్రం అచ్చం కడపదే. కాసేపటికి తలుపు తెరుచుకుంది. అంకుల్ ఒక్క మాటే అడిగారు. "ఆ కూతురు బతికి ఉందా? టీచరును కనుక్కోమనండి."

లెక్చరర్ కనుక్కుంది. ఆ ఊరివాళ్లను, వాళ్ల బంధువులను, ఒకర్ని పట్టుకుని ఇంకొకర్ని, అలా అడుగుతూ పోతే వేరే ఊళ్లో ఒక ఫ్లాట్‌లో ఉందని తేలింది. డెబ్బై దాటిన మనిషి. మొదట ఫోన్ పెట్టేసింది. రెండోసారి, ఆలోచించుకుంటానంది. చివరికి తనే ఒక ఆదివారం మధ్యాహ్నం వీడియో కాల్‌కు ఒప్పుకుంది.

ఆ రోజు అంకుల్ పొద్దుటి నుంచీ ఏమీ తినలేదు. ఆయన వంటగదిలో ఫోన్ నా చేతిలో ఉంది, పక్కన లెక్చరర్ కూర్చుంది. వాళ్లిద్దరూ వాళ్ల భాషలో మాట్లాడుకుంటుంటే ఆవిడ నా చెవిలో ఇంగ్లీషులో చెబుతూ వచ్చింది. స్క్రీన్ మీద తెల్ల జుట్టు, నల్ల స్వెటర్, నవ్వు ఎరగని ముఖం. అంకుల్ కుర్చీలో కూర్చోలేదు. బడిలో తప్పు చేసిన పిల్లాడిలా నిలబడే ఉన్నారు. ఎన్నో రోజులుగా సిద్ధం చేసుకున్న మాటలు మొదలుపెట్టారు. ఆవిడ మధ్యలోనే ఆపేసింది.

"క్షమించమని అడగబోతున్నావు. అడక్కు. ఏం చెప్పాలో నాకు తెలియదు."

అంకుల్ తలూపారు.

"మా నాన్న పోయేటప్పటికి నేను చాలా చిన్నదాన్ని," అందావిడ. "ఇంట్లో ఒకే ఒక్క ఫొటో ఉంది. అందులో కూర్చుని ఉన్నాడు. నీ సినిమా మా అమ్మ చూడనివ్వలేదు, తర్వాత నేనూ చూడలేదు. ఆయన ఎలా నడిచేవాడో గుర్తొచ్చినట్టే ఉంటుంది, అంతలోనే జారిపోతుంది. నీకు గుర్తుందా?"

"ఉంది."

"అయితే నడువు."

లెక్చరర్ ఆ మాట నాకు చెప్పడానికి ఒక క్షణం తడబడింది. అంకుల్ చేతికర్ర గోడకు ఆనించారు. మా వీధిలో ఇళ్లన్నీ ఒకటే తీరు, ముందు తలుపు నుంచి వంటగది దాకా సన్నటి హాల్‌వే, దాని పక్కనే మేడమెట్లు. ఆయన ముందు తలుపు దాకా వెళ్లి ఇటు తిరిగారు. తొంభైకి దగ్గరపడిన మనిషి, నడుం వంచి, చూపు నేలకు దించి, కుడి కాలు ఈడుస్తూ వచ్చారు. నేను తెర మీద చూసిన నడకే. నాకు మళ్లీ ఒళ్లు జలదరించింది, జలదరించినందుకు సిగ్గేసింది.

"కాదు," అందావిడ గట్టిగా. "అలా వంగేవాడు కాదు. నేను ఆయన వేలు పట్టుకుని నడిచేదాన్ని. నేను పైకి చూస్తే ఎప్పుడూ గడ్డం కింది భాగమే కనపడేది. నేలను చూసే మనిషి అయితే నాకు ముఖం కనపడేది కదా?"

"నిజమే," అన్నారు అంకుల్. "వంగడం నేను పెట్టాను. నేల చూపూ నేనే పెట్టాను. ఎవరూ పెట్టమనలేదు." తర్వాత భయం భయంగా అడిగారు. "దగ్గేవారు కదా, మలుపు దగ్గర?"

"మా ఇంటి మలుపు దగ్గర," అందావిడ. "నాకోసం. వినపడగానే నేను గేటు దగ్గరికి పరిగెత్తాలని."

ఆయన మెట్ల మీద కూలబడ్డారు. రెండు చేతులతో ముఖం కప్పుకున్నారు. లెక్చరర్ లేవబోతే స్క్రీన్ లోపలి నుంచి ఆవిడే వద్దన్నట్టు చెయ్యి చూపించింది. ఓదార్చలేదు, ఫోన్ పెట్టేయనూ లేదు. ఎదురుచూసింది. ఆవిడ క్షమించానని ఆ రోజు అనలేదు, ఆ తర్వాతా ఎప్పుడూ అనలేదు. అంకుల్ కూడా మళ్లీ అడగలేదు.

కొంతసేపటికి మెట్ల పక్కన కమ్మీ పట్టుకుని లేచారు. ఆ వయసులో వీపును నిటారుగా చేయడానికి ఎంత నొప్పి పుట్టిందో, పెదవి కొరుక్కోవడం చూశాను. ఎడమ చెయ్యి వీపు వెనక పెట్టుకుని, గడ్డం పైకెత్తి, ముందు తలుపు దగ్గర్నుంచి బయల్దేరారు. కుడి కాలు కార్పెట్ మీద మెల్లగా ఈడుస్తోంది. ఇది నేను తెర మీద చూసిన మనిషి కాదు. కుంటికాలితో, ఎవరికీ తలవంచాల్సిన పని లేకుండా, పని ముగించుకుని ఇంటికి వస్తున్న మనిషి.

వంటగది గుమ్మం దాకా వచ్చి ఆగారు. ఫోన్‌లో ఆవిడ ఒక్క మాట అంది. అది 'మళ్లీ' అని లెక్చరర్ నాకు చెప్పనక్కర్లేకపోయింది.

అంకుల్ గోడ పట్టుకుని వెనక్కి తిరిగారు. నేను ఆయన్ను దాటుకుని ముందుకు వెళ్లి, ఫోన్‌ను ఆయన నడుం దాకా దించి, ఒక చిన్నపిల్ల ఎత్తులో, పైకి చూసేలా పట్టుకున్నాను. ఆయన గడ్డం పైకెత్తి మళ్లీ నడవసాగారు. నేను ఒక్కొక్క అడుగే వెనక్కి వేస్తూ ఆయనకు దారిచ్చాను.